ఆరు సెకన్లు

వాళ్లకూ ఇంటిపేరే ముందట.
వెరెబేయి జోంబోర్. తెరమీద తెల్లగడ్డం, మెడలో హెడ్‌ఫోన్లు,
వెనకాల నలభై మంది, ఒళ్లో వయొలిన్లు.
పేరుపోగు దానియేలు, అని చెప్పుకున్నాను నేను.
ఇంటిపేరులోనే పేరుంది,
ఏ సినిమా చివరా అది తెరకెక్కలేదు.

యూసుఫ్‌గూడలో కర్రీ పాయింట్ మీద రెండో అంతస్తు.
గోడలకు ఇప్పుడు గుడ్ల అట్టలు కావు, అసలైన ఫోమే.
ఐనా పోపు వాసనను ఆపే ఫోము ఇంకా రాలేదు.
మనకు మూడు గంటలు, బుడాపెస్ట్‌లో పదిన్నర.
నిమిషానికింతని లెక్క.
ప్రొడ్యూసరు తమ్ముడు ఫోన్లో స్టాప్‌వాచ్ తెరిచి
ఆటో మీటరు చూస్తున్నవాడిలా కూర్చున్నాడు.

మద్రాసు నుంచి రైలు దిగినప్పుడు
పద్దెనిమిది వయొలిన్లం మేం, ఇద్దరికో స్టాండు.
కీబోర్డు వచ్చింది. పద్దెనిమిది మందీ
ఒక కుర్రాడి చిటికెనవేలి కింద సరిపోయాం.
ఒకడు బీమా పాలసీలు అమ్మాడు.
ఒకడు బోరబండలో పిల్లలకు సరళీ స్వరాలు చెప్పి చెప్పి
సరళీ స్వరాల మధ్యనే పోయాడు.
నేను నొటేషన్ రాయడం నేర్చుకున్నాను,
నా కుర్చీలో కూర్చున్నవాళ్లకు
ఏం వాయించాలో రాసిచ్చే పని.

నలభై ఒకటో బార్ దగ్గర ఆపాడాయన.
"ఈ రెండు స్వరాల నడుమ వంకరగీత గీశావు. అక్కడేముంది?"
గమకం, అన్నాను. ఆ మాటకు వీసా దొరకలేదు.
వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలూ కూడదీసుకుని చెప్పాను:
శవం ముందు ఆడవాళ్లు రాగం తీస్తారే,
పేరు పెట్టి పిలవబోయి, పేరు చివరిదాకా పోలేక
గొంతు జారిపోతుందే,
అది.

స్టాప్‌వాచ్ తిరుగుతోంది.
ఆయన వెనక్కి తిరిగి వాళ్ల భాషలో ఒక్క మాటన్నాడు.
నాయనమ్మ అన్నాడేమో. నాకు తెలీదు.
ముందు వరసలో ఒకామె కళ్లద్దాలు తీసి పక్కన పెట్టింది.
తర్వాత వాయించారు.
ఫేడర్ మీద చెయ్యి వేసిన నవాజ్
తియ్యడం మర్చిపోయాడు.

టీ విరామం. మైకులు ఎవరూ కట్టెయ్యలేదు.
ఆయన పియానో దగ్గరికెళ్లి నిలబడే, ఒంటిచేత్తో,
ఎనిమిది సెకన్ల ముక్క ఒకటి వాయించాడు.
ఆ హాల్లో ముసలివాళ్లంతా ఫక్కున నవ్వారు.
టీవీలో వాతావరణ వార్తల ముందు వచ్చేదట, ఇరవై ఏడేళ్లు.
"పదకొండు సినిమాలు చేశాను. డిటెక్టివ్ సీరియల్ ఒకటి, నూటముప్పై భాగాలు.
కోతిబొమ్మ ఒకటి ఉండేది, పిల్లల కోసం, దానికీ నేనే.
నన్నెవరూ ఎరగరు.
ఇది మోగితే మాత్రం ఊరూరా గొడుగులు వెతుక్కునేవాళ్లు."
అని, కాసేపాగి,
"నీదీ ఒకటి వినిపించు."

సిగ్గేసింది.
పెట్టె తెరిచాను. రెండో తీగ పూర్తిగా దిగిపోయి ఉంది.
డైలీ సీరియల్లో అత్తగారి మొహం
మూడుసార్లు గిర్రున తిరుగుతుందే, ఆ ఆరు సెకన్లు నావి.
పన్నెండొందల ఎపిసోడ్లు.
నాకిచ్చింది ఒక పూట కాల్షీటు.

వాయించాను.
అటువైపు ఏమీ లేదు. నెట్ ఆగిందనుకున్నాను.
అప్పుడు నలభై కమానులు
స్టాండ్ల అంచుల మీద, టకటకా, టకటకా,
రేకుల కప్పు మీద మొదటి వాన.
వయొలిన్ వాళ్ల చప్పట్లు అవే.
మద్రాసు తర్వాత మళ్లీ వినలేదు.

"టైమ్ సార్," అన్నాడు ప్రొడ్యూసరు తమ్ముడు.

రాత్రి మెట్లు దిగేసరికి
కర్రీ పాయింట్ గోడ మీది టీవీలో పాత ఎపిసోడు.
అత్తగారు తిరిగింది. ఒకటి. రెండు. మూడు.
సాంబారు పోస్తున్నామె గరిటె గాలిలో ఆపి,
సరిగ్గా ఆరు సెకన్లు,
మళ్లీ కవర్‌కు ముడివేసి అడిగింది:
"ఇంకేం కావాలి?"

దొండకాయ వేపుడు, అన్నాను.